రోలు, ఉట్టి, బండి: దశమ స్కంధ బాల్యఘట్టాలలో ఇంటి వస్తువులు – అపాయ భావన

పోతన భాగవతంలోని కృష్ణుని బాల్యఘట్టాలపై తెలుగులో వచ్చిన విమర్శ ప్రధానంగా రెండు దారులలో నడిచింది. పరబ్రహ్మం శిశువుగా ఒదిగిన వైనాన్ని వివరిస్తూ ప్రతి చేష్టకూ ఒక తాత్త్వికార్థాన్ని చూపేది మొదటి దారి. యశోద మాటలలోని జాతీయతను, గొల్లపల్లె వాతావరణాన్ని, వాత్సల్య రసపోషణను మెచ్చుకొనేది రెండవది. రెండూ విలువైన ఫలితాలనే ఇచ్చాయి. అయితే రెండింటిలోనూ ఒక విషయం వెనుకబడింది. ఈ ఘట్టాలలో శిశువుకు అపాయం తెచ్చేవి దాదాపుగా ఇంట్లోనివే: పాలు, బండి, మన్ను, రోలు, తాడు, పెరటి చెట్లు. తృణావర్తుని సుడిగాలి ఒక్కటే పూర్తిగా బయటనుంచి వచ్చింది. పూతన బయటిదే అయినా ఆమె విషాన్ని దాచుకొన్నది చనుబాలలో, అంటే శిశువు ఎరిగిన మొదటి ఆహారంలో.

ఈ వస్తువులను రాక్షససంహారానికి నెపాలుగానో వేదాంత ప్రతీకలుగానో తీసుకొని దాటిపోవడం సులభం. కానీ కవి వాటిని అంత సులభంగా దాటిపోలేదు. ఉట్టి ఎంత ఎత్తున ఉందో, పిల్లవాడు దేనిమీద దేనిని పేర్చాడో, తల్లి ఆ క్షణంలో ఏ పనిలో ఉందో మూలమూ, తెలుగూ రెండూ చెబుతాయి. ఆ వివరాలను వరుసగా చదివితే బాల్యఘట్టాలలో ఒక గృహవాస్తవికత బయటపడుతుంది. శిశువు కుతూహలం, వస్తువులో దాగిన అపాయం, తల్లి చేతిలోని పని – ఈ మూడింటి మధ్య లాగుడే ఆ వాస్తవికత. వాత్సల్యాన్ని ప్రేమగా మాత్రమే నిర్వచించి, అందులోని భయాన్ని సంచారిభావంగా సరిపెట్టిన చదువులు పునఃపరిశీలించదగినవి.

ఏడు అపాయాల శ్లోకం

సంస్కృత భాగవతం 10వ స్కంధం 8వ అధ్యాయంలో రామకృష్ణులు పాకే దశనుంచి నడిచే దశకు వచ్చే వర్ణన ఉంది. 24వ శ్లోకంలో ఇద్దరూ లేగల తోకలు పట్టుకొంటారు, లేగలు పరుగెత్తుతుంటే వెంట ఈడ్చుకొనిపోబడతారు. గోపికలు ఇంటిపనులు వదిలి వచ్చి చూసి నవ్వుతారు. ఈ దృశ్యాన్ని చిత్రకారులు, హరికథకులు, బాలసాహిత్య రచయితలు విస్తారంగా వాడుకొన్నారు. వెంటనే వచ్చే 25వ శ్లోకానికి ఆ ప్రసిద్ధి దక్కలేదు. కొమ్ముల పశువులు, నిప్పు, కోరల జంతువులు, కత్తి, నీరు, పక్షులు, ముళ్ళు – ఈ ఏడింటి దగ్గరికి పోకుండా, నిలకడలేని తమ కొడుకులను ఆపలేక, ఇటు ఇంటిపనులూ చేసుకోలేక తల్లులిద్దరూ మనసు కుదురు కోల్పోయారని దాని సారాంశం.

ఈ రెండు శ్లోకాలను పక్కపక్కన పెట్టి చూడాలి. మొదటిదానిలో ఇంటిపని వదిలివేయడం ఆనందానికి గుర్తు. రెండవదానిలో అదే ఇంటిపని ఆందోళనకు మూలం. నవ్వినది ఇరుగుపొరుగు, కుదురు కోల్పోయినది కన్నతల్లులు. పిల్లవాని ప్రమాదకరమైన ఆట చూసేవారికి ముచ్చటగానూ కాచుకొనేవారికి భయంగానూ ఉంటుందన్న సంగతిని వ్యాసుడు రెండు శ్లోకాల దూరంలో తేల్చివేశాడు.

ఇక్కడ ఒక ఆక్షేపణకు చోటుంది. పిల్లవాడు భగవంతుడని పాఠకునికి తెలుసు. అపాయం లీల మాత్రమే. దానిని నిజమైన అపాయంగా చదవడం గ్రంథోద్దేశానికి విరుద్ధం. దీనికి సమాధానం ఆ 25వ శ్లోకంలోనే ఉంది. ఆ ఏడింటిలో ఏదీ రాక్షసుడు కాదు. ఏ కంసుడూ పంపినది కాదు. దాని తరువాత మహిమ వెల్లడి కాదు, ఎవరూ ఎవరినీ చంపరు. శ్లోకం తల్లుల మనోవ్యాకులతతో ముగుస్తుంది. లీలకు ఏ ప్రయోజనమూ చేకూర్చని ఈ జాబితాను గ్రంథకర్త ఎందుకు చేర్చినట్లు? పిల్లలున్న ఇల్లు అలాగే ఉంటుంది కాబట్టి. పాఠకుని జ్ఞానం తల్లి అజ్ఞానాన్ని రద్దు చేయదు, దానిని మరింత స్పష్టంగా కనబడేట్లు చేస్తుంది.

అందని ఉట్టి

భాగవతాన్ని తెనిగించిన నలుగురిలో దశమ స్కంధం పోతన చేతిది. 15వ శతాబ్దికి చెందిన ఈ కవి మూలాన్ని ఎక్కడ పెంచాడన్న ప్రశ్నకు గోపికల ఫిర్యాదులు అందరూ చెప్పే ఉదాహరణ. మూలంలో 29 నుంచి 31 వరకు గల 3 శ్లోకాలలో ఇమిడిన సంగతి తెలుగులో పద్యం తరువాత పద్యంగా సాగుతుంది. ఒక ఇంటి నెయ్యి తాగి ఖాళీ కడవను మరో ఇంట పెట్టి ఇరుగుపొరుగుల మధ్య తగవు పెట్టడం, కోడలి మూతికి పెరుగు చరిమి అత్తచేత దెబ్బలు తినిపించడం వంటివి పోతన పెంపులే. ఈ పెంపును విమర్శకులు హాస్యం కిందా తెలుగుదనం కిందా జమకట్టారు. అది సరే. కానీ ఉట్టి పద్యం ఆ ఖాతాలో పూర్తిగా ఇమడదు.

ఆ పద్యంలో పిల్లవాడు ఉట్టి అందక రోలూ పీటలూ ఒక కుప్పగా చేర్చి ఎక్కుతాడు. ఎక్కినా చేయి కుండలోనికి పోదు. అప్పుడు కుండ అడుగున పెద్ద తూటు పొడిచి, కారే మీగడపాలను దోసిట పట్టి తాగుతాడు. మూలంలోనూ పీట, రోలు, ఉట్టి, కుండకు తూటు ఉన్నాయి. పోతన చేర్చినది క్రమం: అందకపోవడం, పేర్చడం, మళ్ళీ అందకపోవడం, ఉపాయం మార్చడం. ఇది దొంగతనం వర్ణన అయినంత మాత్రాన ఒక చిన్న ప్రయోగ వర్ణన కాకపోదు. పైనుంచి సాధ్యం కానిది కిందనుంచి సాధ్యమవుతుందని పిల్లవాడు కనుక్కొన్నాడు.

ఉట్టి ఎందుకుంది? పిల్లికీ చీమకూ పిల్లవానికీ అందకుండా ఆహారాన్ని దాచడానికి. అంటే అది ఆ కాలపు ఇంటి రక్షణ ఏర్పాటు. ఆ ఏర్పాటే పిల్లవానిని ఎత్తులకు ఎక్కించింది. నేలమీద ఉన్న కుండతో పగిలేది కుండ మాత్రమే. ఉట్టిలోని కుండకోసం రోలుమీద పీట, పీటమీద మరొక పీట వేసి నిలబడితే పగలగలిగేది వేరే. అందకుండా పెట్టిన వస్తువే కుతూహలాన్ని రేపుతుందన్న సంగతి ఫిర్యాదు చేసే గోపికకు తట్టలేదు, ఆమె దృష్టి పాలమీద ఉంది. పడిపోతాడేమో అన్న మాట ఆ ఫిర్యాదుల వరుసలో ప్రధానం కాదు. నష్టపోయినవారి నోట వినబడేది నష్టం లెక్కే గదా.

యశోద జవాబు ఇంకా గమనింపదగినది. తన బిడ్డ చన్ను విడిచి ఎటూ పోడని, పొరుగిళ్ళ దారులు ఎరుగడని, ఇంకా కన్నులైనా తెరవని పసివానిని రవ్వ చేయడం తగదని ఆమె అంటుంది. దీనిని తల్లి మురిపెంగా, అమాయకత్వంగా వ్యాఖ్యానించడం పరిపాటి. కాని ఊరంతటికీ తెలిసిన సంగతి ఇంట్లో తల్లికి తెలియలేదన్నది ఇక్కడి కథాంశం. ఆమె మనసులోని బిడ్డ వయసు ఒకటి, వీధిలో తిరిగే బిడ్డ వయసు మరొకటి. నిన్నటివరకు పాకిన పిల్లవాడు ఈ రోజు రోలు దొర్లించగలడన్న ఎరుక ఆమెకు ఆలస్యంగా వస్తుంది. ఇంట్లో జరిగే ప్రమాదాలలో చాలావాటికి ఈ ఆలస్యమే కారణం. ఇది నేటి గ్యాసు పొయ్యికీ, కరెంటు ప్లగ్గుకూ, బాత్రూములోని నీటి బకెట్టుకూ కూడా వర్తించే సంగతే.

మందలింపులో దశావతారాలు

మొత్తం బాల్యఘట్టాలలో ఈ చర్చకు కీలకమైనది, కృష్ణుని పట్టుకోబోతూ యశోద చేసే మందలింపు సీసపద్యం. నీళ్ళని తెలిసీ తొలగక చొరబడతావు, గట్టునైనా ఎత్తాలని చూస్తావు, మంటితో ఆటలు మానవు, ఎత్తైన స్తంభాలు ఊపబోతావు, పరాయివారిని అల్పమైన వస్తువులు అడగబోతావు, నీళ్ళకు అడ్డు కడతావు అంటూ సాగి, చివరకు ఇట్టివానిని ఇంట్లో ఎవరు ఓర్చుకోగలరన్న ప్రశ్నతో ముగుస్తుంది. మత్స్యం మొదలు కల్కి వరకు పది అవతారాలూ అందులో వరుసగా ధ్వనిస్తాయి. చివరి పాదాలలో కలికితనం అన్న మాటతో పదవ అవతారాన్ని పట్టుకోవడం చూసి శతాబ్దాలుగా శ్రోతలు తల ఊపుతున్నారు. యశోదకు తెలియకుండానే ఆమె నోట పరతత్త్వం పలికిందని సంప్రదాయ వివరణ.

ఈ వివరణ పద్యంలోని సగాన్ని మాత్రమే వివరిస్తుంది. శ్లేష నిలవాలంటే రెండు అర్థాలూ సమానంగా నిలవాలి. దైవార్థం ఎంత సరిగా ఉన్నా, పై అర్థం ఒక తల్లి నిజంగా అనగలిగిన మందలింపుగా లేకపోతే పద్యం పొడుపుకథగా దిగజారుతుంది. పోతన గొప్పతనం అవతారాలను వరుస తప్పకుండా కూర్చడంలో ఎంత ఉందో, ప్రతి అవతారానికీ ఒక పసివాని ప్రమాదాన్ని వెదకిపట్టడంలో అంతకంటె ఎక్కువ ఉంది. మత్స్యానికి నీటిగండం, కూర్మానికి బరువెత్తడం, వరాహానికి మట్టి ఆట, నృసింహునికి స్తంభాన్ని ఊపడం, వామనునికి పరాయివారి దగ్గర చేయి చాపడం. వీటిలో ఏది వింటే ఏ తల్లి ఉలిక్కిపడదు? రాచవేట, నాగలిపని వంటి ఒకటి రెండు చోట్ల పై అర్థం కొంత బలహీనపడిన మాట నిజమే. అక్కడ పసివాని చేష్టకంటె అవతార కథ పైచేయి సాధించింది. పద్యం తొలి సగంలోని జీవం మలి సగంలో లేదనడం పోతనకు అపచారం కాదు.

మూలంలోని ఏడు అపాయాల జాబితాతో ఈ సీసాన్ని పోల్చితే ఒక తేడా తెలుస్తుంది. రెండింటిలోనూ ఉన్నది నీరు ఒక్కటే. మూలంలోని మిగతా ఆరూ తమంతట తామే హాని చేయగలవి: కొమ్ము పొడుస్తుంది, నిప్పు కాలుస్తుంది, ముల్లు గుచ్చుతుంది. తెలుగు సీసంలోనివి అలాంటివి కావు. గట్టు, మన్ను, స్తంభం తమంతట తాము ఎవరినీ ఏమీ చేయవు. పిల్లవాడు ఎత్తాలని చూసినప్పుడు, ఊపినప్పుడు, ఆడినప్పుడు మాత్రమే అవి అపాయాలవుతాయి. మూలశ్లోకంలో అపాయం వస్తువులో ఉంది. పోతన పద్యంలో అది వస్తువుకూ కుతూహలానికీ నడుమ పుడుతుంది. అవతారాల ఇరుకు ఈ ఎంపికను కొంత నిర్దేశించి ఉండవచ్చు; అయినా ఫలితంగా వచ్చిన దృష్టి మూలంకంటె సూక్ష్మమైనది.

స్తంభం మాట ప్రత్యేకించి చెప్పుకోవాలి. స్తంభం ఇంటిని మోసే వస్తువు, రోజూ కళ్ళెదుట ఉండేది, ఎవరూ పట్టించుకోనిది. సప్తమ స్కంధంలో ప్రహ్లాదుడనే మరొక బాలుని మాటకు రుజువు ఆ స్తంభంనుంచే వెలువడింది. పెద్దవాడు నమ్మలేదు, పిల్లవాడు చెప్పినదే నిజమైంది. ఈ నమూనా దశమంలో మరల మరల వస్తుంది.

మంటి విషయంలోనూ పోతన చూపు ఇంటి చూపే. మన్నెందుకు తింటావు, తినడానికి వేరే పదార్థం లేదా అని యశోద అడుగుతుంది. తాను శిశువునా, ఆకొన్నవాడినా, వెర్రివాడినా అని కృష్ణుడు ఎదురు ప్రశ్నలు వేస్తాడు. బడిలో ఈ పద్యాన్ని కంఠస్థం చేయించేటప్పుడు చమత్కారం ఒక్కటే మిగులుతుంది. నిజానికి పసివాడు మన్ను ఎందుకు తింటాడన్న ప్రశ్నకు పెద్దలు సాధారణంగా చెప్పే మూడు కారణాలూ అందులో వరుసగా ఉన్నాయి: పసితనం, ఆకలి, తెలివిమాలినతనం. మూడింటినీ పిల్లవాడు కాదన్నాడు. ఇంకేది మిగిలింది? తెలుసుకోవాలన్న కోరిక. ఆ మాట పద్యంలో లేదు, ఉండనవసరం లేదు. ఋజువుకోసం మూలంలోని కృష్ణుడు నోరు చూడమంటాడు. తెలుగు కృష్ణుడు నోరు వాసన చూడమని కూడా అంటాడు. పిల్లల నోరు మూర్కొని ఏం తిన్నారో కనిపెట్టే తల్లులను ఎరిగిన కవి వేసిన మాట అది.

పొంగిన పాలు

ఉలూఖల బంధన కథ మూలంలో తల్లి దినచర్యతో మొదలవుతుంది. ఇంటి దాసీలను వేరే పనులకు పురమాయించి యశోద తానే పెరుగు చిలుకుతోంది. పిల్లవాడు వచ్చి కవ్వం పట్టుకొని ఆపుతాడు. చన్నిస్తుండగా పొయ్యిమీద పాలు పొంగుతాయి. తృప్తి తీరని బిడ్డను దించి ఆమె పరుగెత్తుతుంది. బిడ్డ కోపంతో రాతితో పెరుగుకుండను పగులగొట్టి లోపలికి పోయి, తిరగవేసిన రోలెక్కి ఉట్టిలోని వెన్న తీసి కోతికి పెడతాడు.

ఈ వరుసలో ప్రతి అడుగుకూ కారణం ఇంటిపనే. పాలు పొంగకపోతే కుండ పగలదు. కుండ పగలకపోతే కట్టు లేదు, కట్టు లేకపోతే చెట్లు కూలవు. పొంగే పాలను వదిలి బిడ్డను ఎత్తుకోవాలా, బిడ్డను దించి పాలను దించాలా అన్నది తెలుగిళ్ళలో నేటికీ తేలని సంగతి. యశోదను వ్యాఖ్యాతలు ఈ చోట కొంత నిందించారు, కొంత సమర్థించారు. పాలు కూడా బిడ్డకోసమే గదా అన్న సమర్థన వినసొంపుగా ఉన్నా, అసలు ఆమెను సమర్థించవలసిన అవసరం ఎందుకు వచ్చిందన్నది ప్రశ్న. నందుని ఎవరూ ఆ క్షణంలో ఎక్కడున్నావని అడగలేదు.

ఇదే నింద భయం సంస్కృత హరివంశంలో మరింత తెరచి చెప్పబడింది. 14వ శతాబ్దిలో ఎఱ్ఱన తెనిగించిన ఆ కథకు మూలమైన ఈ గ్రంథంలో, నిద్రపోతున్న బిడ్డను బండికింద పడుకోబెట్టి యశోద యమునకు స్నానానికి పోతుంది. తిరిగివచ్చేసరికి బండి తలకిందులై ఉంటుంది. బిడ్డను ఎత్తుకొని ఆమె మొదట తలచుకొనేది భర్త కోపాన్ని, తన స్నానం తెచ్చిన ముప్పును. భాగవతం ఈ స్నానాన్ని తొలగించింది. ఇక్కడ యశోద బిడ్డ బోర్లపడిన వేడుకకు వచ్చిన చుట్టాలను మన్నించే సందడిలో ఉండి ఆకలి ఏడుపు వినలేదు. నదికి పోయిన తల్లి ఇంటిపనిలో ఉన్న తల్లిగా మారింది, భర్త భయం కనుమరుగైంది. తల్లిని నిందనుంచి కాపాడిన ఈ మార్పును పోతన అనుసరించాడు. పాఠకునికి యశోద మీద కలిగే సానుభూతికి ఈ మార్పు పునాది. కాని దానికి చెల్లించిన మూల్యం ఒకటి ఉంది: తనకోసం తాను గడిపిన ఆ కొద్దిపాటి సమయం కథలోంచి పోయింది.

కట్టే ఘట్టంలో పోతన యశోదకు ఇచ్చిన మాటలలో మరొక అందమైన వివరం ఉంది. దొరికిన దొంగను ఆమె గౌరవ బహువచనంతో, గారు చేర్చి పలకరిస్తుంది. ఈ ఎత్తిపొడుపు మూలంలో లేదు. కోపం వచ్చిన తెలుగుతల్లి బిడ్డను మీరు అనడం ఎంత భయంకరమో తెలుగు పిల్లలకు తెలుసు. తాడు రెండంగుళాలు తక్కువ కావడానికి వైష్ణవ వ్యాఖ్యానం భక్తుని శ్రమను, భగవంతుని కృపను అర్థంగా చెప్పింది. ఆ అర్థం లోతైనదే. దాని వెలుగులో తాడు తాడుగా, రోలు రోలుగా కనబడకుండా పోవడం మాత్రం నష్టం. బిడ్డకు అపాయం రాకూడదని కట్టిన తల్లి, ఇంట్లోని అతి బరువైన వస్తువుకు కట్టి మళ్ళీ పనిలో పడింది. కాపాడే ఏర్పాటే అపాయమైంది. ఉట్టి తరువాత ఇది రెండవ నిదర్శనం.

పిల్లలు చెప్పిన మాట

ప్రమాదం జరిగిన తరువాత పెద్దలు చేసే విచారణలను భాగవతం జాగ్రత్తగా నమోదు చేసింది. బండి కూలినప్పుడు పెద్దలకు కారణం తోచదు. అక్కడ ఆడుకొంటున్న పిల్లలు, ఏడుస్తూ ఈ బిడ్డ కాలితో తన్నితే బండి ఎగిరిపడిందని సంశయం లేకుండా చెబుతారు. పిల్లల మాటలేనని గోపులు నమ్మరు. పోతన ఈ అపనమ్మకాన్ని ఒక పద్యంగా పెంచి, అంత చిన్న కాలెక్కడ, అంత పెద్ద బండి ఎక్కడ అన్న ఆశ్చర్యాన్ని పెద్దల నోట పలికించాడు. తెలుగులో శకటాసుర భంజనంగా ప్రసిద్ధమైన ఈ కథలో, మూలంలోని ఆ అధ్యాయం వరకు చూస్తే, కూలినది బండి. రాక్షసుని పేరు అక్కడ లేదు. పాల కుండలూ పెరుగు కుండలూ చిందరవందరయ్యాయి, చక్రాలూ ఇరుసూ తారుమారయ్యాయి.

తరువాత ఏమైంది? యశోద గ్రహదోషమేమోనని శంకించింది. విప్రులు స్వస్తి పలికారు. బలవంతులైన గోపులు బండిని సామగ్రితో సహా యథాపూర్వం నిలబెట్టారు. ఈ చివరి వాక్యాన్ని వ్యాఖ్యానాలు పట్టించుకోకపోవడం ఆశ్చర్యమే. కారణం గ్రహాలకు అప్పగించి, బండిని మాత్రం ఉన్నచోటనే ఉన్నట్లే మళ్ళీ నిలిపారు. బిడ్డను బరువు బండికింద పడుకోబెట్టవచ్చునా అన్న ప్రశ్న ఆ సభలో ఎవరూ వేయలేదు.

మద్దిచెట్లు కూలినప్పుడూ ఇదే జరిగింది. పిడుగు పడిందని నందాదులు పరుగెత్తుకొని వచ్చారు. అడ్డం తిరిగిన రోలును ఈ పిల్లవాడు ఈడ్చుకొనిపోగా చెట్లు పడ్డాయని, అందులోంచి ఇద్దరు పురుషులు రావడం చూశామని పిల్లలు చెప్పారు. కొందరు నమ్మలేదు, కొందరికి సందేహం కలిగింది. నందుడు నవ్వుతూ కట్లు విప్పాడు. కట్టిన తల్లి ఆ గుంపులో కనబడదు. మన్ను తిన్నాడని పిల్లలు చెప్పినప్పుడు మాత్రం పెద్దలు వెంటనే నమ్మారు. అంటే పిల్లవాని తప్పును గురించి పిల్లలు సాక్ష్యమిస్తే చెల్లుతుంది. వస్తువు శక్తిని గురించో పిల్లవాని శక్తిని గురించో చెబితే చెల్లదు. మూడు సందర్భాలలోనూ పిల్లలు చెప్పినది అక్షరాలా నిజం. కథకుడు శుకుడు పెద్దల పక్షాన నిలబడలేదు.

పిల్లలు ఎప్పుడూ సరిగా అంచనా వేస్తారని గ్రంథం చెప్పదు. అఘాసుర ఘట్టంలో గోపబాలురు కొండగుహలా తెరచి ఉన్న నోటిని చూసి ఇది పాము నోటిలా ఉందని ఒక్కొక్క అవయవాన్నీ పోల్చి చెప్పుకొంటారు. అంత సరిగా పోల్చి కూడా చప్పట్లు కొడుతూ నవ్వుతూ లోపలికి నడుస్తారు. అపాయాన్ని గుర్తించడం వేరు, దానినుంచి తొలగడం వేరు. కృష్ణుడు వెంట ఉన్నాడన్న ధైర్యం వారిది. వెంట పెద్దవారున్నారన్న ధైర్యంతో నీటిలో దిగే పిల్లలది కూడా అదే ధైర్యం.

పీట, బండి మరొకసారి

చెట్లు కూలిన తరువాత మూలంలో కొన్ని శ్లోకాలు నిశ్శబ్దంగా ఒక మార్పును సూచిస్తాయి. గోపికలు పిల్లవానిని పీట తెమ్మంటారు, కొలపాత్ర తెమ్మంటారు, పాదుకలు తెమ్మంటారు. అతడు వాటిని మోయబోతాడు. దొంగతనానికి మెట్టుగా ఉపయోగపడిన పీట ఇప్పుడు చెప్పిన పనికి సాధనమైంది. దాచి ఉంచిన వస్తువు చేతికి ఇవ్వబడింది. ఈ శ్లోకాలకు కథాపరమైన ప్రాముఖ్యం లేదు కాబట్టి బాల్యఘట్టాల సంకలనాలలో వీటికి చోటు దొరకదు. శిశువుకూ వస్తువుకూ గల సంబంధాన్ని చదవదలచినవారికి మాత్రం ఇవి తప్పనిసరి.

ఆ తరువాత గోపవృద్ధుల సభ జరుగుతుంది. వయసులోనూ జ్ఞానంలోనూ పెద్దవాడైన ఉపనందుడు పూతన, బండి, సుడిగాలి, చెట్లు అన్న వరుసలో జరిగినవాటిని లెక్కపెట్టి, పిల్లల మేలు కోరి ఈ చోటు విడిచి బృందావనానికి పోదామంటాడు. విడివిడిగా ప్రతిసారీ గ్రహమనో ఉత్పాతమనో సరిపెట్టుకొన్న పెద్దలు మొదటిసారి అన్నింటినీ ఒకే జాబితాగా చూశారు. పిల్లల క్షేమంకోసం ఒక పల్లె పల్లె లేచిపోవడం మన పురాణ వాఙ్మయంలో అరుదైన సంగతి. దానిని కథ తరువాతి భాగానికి పోవడానికి వంతెనగా మాత్రమే చూడడం వల్ల దాని బరువు తెలియకుండా పోయింది. హరివంశంలో ఈ తరలింపుకు కారణం కృష్ణుని శరీరంనుంచి పుట్టిన తోడేళ్ళు. భాగవతంలో కారణం పిల్లలకు వరుసగా తప్పిన గండాలు. ఈ మార్పును ఉద్దేశపూర్వకమైనదిగానే పరిగణించాలి.

ప్రయాణం బండ్లమీద సాగుతుంది. వృద్ధులను, బాలురను, స్త్రీలను, సామగ్రిని బండ్లకెక్కిస్తారు. యశోదా రోహిణులు కృష్ణరాములతో కలిసి ఒకే శకటం ఎక్కుతారు. కొద్ది అధ్యాయాల క్రితం బిడ్డమీద కూలబోయిన వస్తువుకు వాడిన మాటే ఇది. ఈసారి బిడ్డలు బండికింద లేరు, తల్లుల పక్కన ఉన్నారు. తల్లులు ఆ పిల్లల కథలు వినడానికి ఉత్సుకతతో ఉన్నారని శ్లోకం చెబుతుంది. బృందావనం చేరిన తరువాత గోపులు ఆ బండ్లనే అర్ధచంద్రాకారంలో నిలిపి, వాటి నడుమ మందను దింపుతారు.